దావాలో కాగితం: మార్కు పడటం వేరు, రుజువు కావడం వేరు

ఈసారి మా న్యాయసలహా శీర్షికకు వచ్చిన ఉత్తరాల్లో ఎక్కువ భాగం సివిల్ దావాల్లో కాగితాల గురించే. “కాగితం నా చేతిలో ఉంది, ఇంకేం కావాలి?” అన్న ధోరణి చాలా ఉత్తరాల్లో కనిపించింది. కాగితం సాక్ష్యంలోకి రావడానికి, అంటే కోర్టు దానికి గుర్తు వేసి మార్కు చేయడానికి, ఒక లెక్క ఉంది. అది ఫలానా మనిషి రాసిచ్చిందేనని రుజువు కావడానికి మరో లెక్క. రుజువయ్యాక దానికెంత విలువ ఇవ్వాలన్నది మూడో లెక్క. ఈ మూడింటినీ ఒకటే అనుకున్నవాళ్లు వాదనల రోజున చిక్కుల్లో పడతారు.

సెక్షన్ల అంకెల గురించి ముందే ఒక మాట. 1872 నాటి సాక్ష్య చట్టం స్థానంలో 2024 జులై 1 నుంచి భారతీయ సాక్ష్య అధినియమ్ వచ్చింది. ఆ తేదీకే నడుస్తున్న దావాలకు పాత చట్టమే వర్తిస్తుంది. అందుకే కింద కొత్త అంకె, పక్కన పాత అంకె ఇచ్చాం.

ప్రశ్న: బాకీ వసూలుకు దావా వేశాను. మా దుకాణం చిట్టా (రోజువారీ పద్దుల పుస్తకం), ఆవర్జా (ఖాతాల పుస్తకం) ఎ-4, ఎ-5గా మార్కయ్యాయి. అప్పుడు ప్రతివాది లాయరుగారు నోరెత్తలేదు. ఇప్పుడు వాదనల్లో “అవి రుజువు కాలేదు” అంటున్నారు. అలా అనే హక్కు ఉందా? – ఒక ధాన్యం వ్యాపారి, తాడేపల్లిగూడెం

ఉంది. ఎ-4 అన్నది గుర్తింపు అంకె మాత్రమే. వాది కాగితాలకు ఎ, ప్రతివాదివాటికి బి, కమిషనర్ నివేదికలాంటివాటికి సి, పార్టీలు కానివాళ్లు తెచ్చినవాటికి ఎక్స్ అని మన కోర్టుల్లో వాడుక. సరిగ్గా మీలాంటి దావాలోనే, చిట్టా ఆవర్జాల మీదే, సేట్ తారాజీ ఖించంద్ వర్సెస్ యలమర్తి సత్యం కేసులో 1971లో సుప్రీంకోర్టు ఈ సంగతి తేల్చేసింది: మార్కు పడినంత మాత్రాన రుజువు చేసే బాధ్యత తీరిపోదు.

ఖాతా పుస్తకాలకైతే ఇంకో మెలిక కూడా ఉంది. 28వ సెక్షన్ (పాత 34) ప్రకారం క్రమంగా రాసిన పుస్తకాల్లోని పద్దు సాక్ష్యమే, కానీ ఆ ఒక్క పద్దుతో ఎవరి నెత్తినా బాకీ రుద్దలేరు. పద్దు రాసిన గుమాస్తాను బోనెక్కించాలి. దానికి జతగా సరుకు పంపిన బిల్లో, లారీ రసీదో, ప్రతివాది సంతకం ఉన్న చీటీయో చూపాలి. గుమాస్తా పని మానేసి వెళ్లిపోయి ఉంటే, అతని చేతిరాత బాగా తెలిసినవాళ్లతో చెప్పించవచ్చు.

అయితే ప్రతివాదికి ఇప్పుడు దారి మూసుకుపోయిన అభ్యంతరం కూడా ఒకటుంది. అభ్యంతరాలు రెండు రకాలని 2003లో వెంకటాచల గౌండర్ కేసులో సుప్రీంకోర్టు విడదీసి చెప్పింది. కాగితమే చట్టప్రకారం సాక్ష్యానికి పనికిరాదన్నది మొదటిది. దాన్ని తర్వాత కూడా లేవనెత్తవచ్చు. రుజువు చేసే పద్ధతి సరిగా లేదన్నది రెండోది. అంటే అసలు తేకుండా నకలు పెట్టారనో, చెప్పాల్సినవాళ్లు చెప్పలేదనో. దాన్ని మార్కు వేసేటప్పుడే అనాలి. అప్పుడే అని ఉంటే మీరు లోపం సరిదిద్దుకునేవాళ్లు కదా, అదీ కారణం. కాబట్టి ఆవర్జా అసలుకు బదులు నకలు పెట్టారన్న పేచీ ఇప్పుడు చెల్లదు. పద్దు నిజం కాదన్న వాదన మాత్రం చెల్లుతుంది.

ప్రశ్న: 12 లక్షలకు స్థలం కొనడానికి 100 రూపాయల స్టాంపు మీద అగ్రిమెంట్ రాసుకున్నాం. “ఈ రోజే స్వాధీనం చేసితిమి” అని అందులో ఉంది. రిజిస్టర్ చేయించలేదు. రిజిస్ట్రేషన్ చేసివ్వమని దావా వేస్తే, అగ్రిమెంట్ మార్కు చేయడానికి వీల్లేదంటూ ప్రతివాది అడ్డుపడ్డాడు. – ఒక పాఠకుడు, నల్లగొండ

మీ కాగితానికి రెండు లోపాలున్నాయి. రెంటికీ మందు ఉంది గానీ ఒకదాని ఖరీదు ఎక్కువ.

రిజిస్ట్రేషన్ సంగతి తేలిక. ఉమ్మడి రాష్ట్రంలో వచ్చిన సవరణ వల్ల మనదగ్గర అమ్మకపు ఒప్పందాన్ని కూడా రిజిస్టర్ చేయించాలి. చేయించకపోయినా, ఒప్పందం అమలు కోరే దావాలో దాన్ని సాక్ష్యంగా తీసుకోవచ్చని రిజిస్ట్రేషన్ చట్టం 49వ సెక్షన్ మినహాయింపు చెబుతోంది. మీది అదే దావా. అదే మీరు అగ్రిమెంట్‌ను చూపించి నా స్వాధీనం జోలికి రాకూడదని అడిగితే మాత్రం కష్టం. 2001 సెప్టెంబరు 24 తర్వాత రాసిన రిజిస్టర్ కాని ఒప్పందానికి ఆస్తి బదిలీ చట్టం 53-ఎ రక్షణ లేదు.

అసలు గండం స్టాంపు దగ్గర. స్వాధీనం ఇచ్చినట్టు రాసిన అగ్రిమెంటుకు, మన రాష్ట్రాల స్టాంపు షెడ్యూల్ 1-ఎలోని 47-ఎ వివరణ ప్రకారం, అమ్మకపు దస్తావేజుకు పడే డ్యూటీ అంతా పడుతుంది. ఆ ఒక్క వాక్యమే మీ మీదికి ఇంత తెచ్చింది. రాసేవాళ్లు అలవాటుగా రాసేస్తుంటారు. నిజంగా స్వాధీనం ఇవ్వకపోతే ఆ మాట రాయనివ్వకండి.

లెక్క చూద్దాం. రాసిన నాటి రేటు 5 శాతం అనుకుంటే డ్యూటీ 60,000. కట్టింది 100. లోటు 59,900. కోర్టులోనే కట్టి మార్కు చేయించుకోవాలంటే స్టాంపు చట్టం 35వ సెక్షన్ కింద లోటుతో పాటు దానికి పది రెట్లు పెనాల్టీ, అంటే 5,99,000. మొత్తం 6,58,900 రూపాయలు. ఈ పది రెట్లను తగ్గించే అధికారం జడ్జిగారికి లేదు. ఆ నాటి మార్కెట్ విలువ 12 లక్షలకు మించి ఉంటే లెక్క ఇంకా పెరుగుతుంది.

రెండో దారి చాలామందికి తెలియదు. కాగితాన్ని ఇంపౌండ్ చేసి (కోర్టు స్వాధీనంలోకి తీసుకుని) కలెక్టరు అధికారాలున్న స్టాంపుల అధికారికి పంపమని కోర్టును అడగండి. ఆయన 40వ సెక్షన్ కింద లోటు వసూలు చేస్తారు; పెనాల్టీ పది రెట్లకు మించకూడదు, అంతకన్నా తక్కువైనా వేయవచ్చు. మదనపల్లె ఆర్డీవో మీద నడిచిన చిలకూరి గంగులప్ప కేసులో 2001లో సుప్రీంకోర్టు ఈ తేడాను వివరంగా చెప్పింది. ఆయన ధ్రువీకరించి పంపాక కాగితం నిక్షేపంగా మార్కవుతుంది. ఈ కోరికను కాగితం మార్కు కాకముందే, రాతపూర్వకంగా పెట్టండి.

ప్రతివాదుల వైపు ఉన్న పాఠకులకు కూడా ఒక సంగతి. స్టాంపు అభ్యంతరం మార్కు పడేలోపే చెప్పాలి. ఒకసారి సాక్ష్యంలోకి తీసుకున్నాక అదే దావాలో దాన్ని మళ్లీ కదపకూడదని 36వ సెక్షన్. “అభ్యంతరానికి లోబడి మార్కు వేసి, తీర్పులో చూద్దాం” అన్న పద్ధతి మిగతా అభ్యంతరాలకు ఉంది గానీ స్టాంపుకు లేదు. 2001లో బిపిన్ పంచాల్ కేసులోనే సుప్రీంకోర్టు దీన్ని వేరుచేసింది: అప్పటికప్పుడే తేల్చాలి.

ప్రశ్న: అన్నదమ్ములం తెల్లకాగితం మీద పాలు పంచుకుని సంతకాలు చేశాం. ఇప్పుడు తమ్ముడు మళ్లీ పంపకాలు కావాలని దావా వేశాడు. మా కాగితం పనికొస్తుందా? – ఒక రైతు, అనకాపల్లి జిల్లా

కాగితంలోని క్రియలు చూడండి. “ఫలానా నాడు పెద్దల ఎదుట పంచుకున్నాం, ఎవరి పాలు వారు అనుభవిస్తున్నాం, జ్ఞాపకార్థం రాసుకున్నాం” అని ఉంటే అది జరిగిపోయిన పంపకానికి గుర్తు, రిజిస్ట్రేషన్ అక్కర్లేదు. “ఈ దిగువ ఆస్తి నేటి నుండి ఫలానావారికి చెందును” అని ఉంటే హక్కు పుట్టించింది ఆ కాగితమే, దాన్ని రిజిస్టర్ చేయించాల్సిందే. పైన “పంపకాల జాబితా” అని పేరు పెట్టుకున్నా ఫలితం మారదు. యల్లపు ఉమామహేశ్వరి కేసులో 2015లో సుప్రీంకోర్టు అన్నదీ ఇదే. ఉమ్మడి కుటుంబం విడిపోయిందనీ, ఎవరి స్వాధీనం ఎలాంటిదనీ చూపడానికి, అంటే పక్క ప్రయోజనానికి, రిజిస్టర్ కాని కాగితాన్ని వాడుకోవచ్చు. అయితే అందుకైనా ముందు డ్యూటీ, పెనాల్టీ కట్టాలి. స్టాంపు లేని కాగితాన్ని ఏ ప్రయోజనానికీ చూడకూడదు. ఈ రెండో మాట చాలామంది మర్చిపోతారు.

ప్రశ్న: అసలు దస్తావేజు పోయింది. జిరాక్సు ఉంది. “జిరాక్సు చెల్లదు” అని ఒకరు, “పిటిషన్ వేస్తే చెల్లుతుంది” అని ఒకరు. ఏది నిజం? – ఒక పాఠకురాలు, ఒంగోలు

ఇద్దరి మాటా సగమే. జిరాక్సు ద్వితీయ సాక్ష్యం. అసలు ఎందుకు తేలేకపోతున్నారో 60వ సెక్షన్ (పాత 65) చెప్పిన కారణాల్లో ఒకటి చూపితేనే దానికి తలుపు తెరుచుకుంటుంది. తలుపు తెరుచుకున్నాక కూడా, ఆ జిరాక్సు అసలు నుంచే తీసిందనీ, తేడా లేదనీ తెలిసినవాళ్లు చెప్పాలి.

అసలు పోయిందంటే: ఎవరి దగ్గర ఉండేది, చివరిసారి ఎప్పుడు చూశారు, ఎక్కడెక్కడ వెతికారు, పోలీసులకు చెప్పారా, ఇవన్నీ అఫిడవిట్‌లో తేదీలతో రావాలి. “ఇల్లు మారేటప్పుడు పోయినది” అన్న ఒక్క ముక్కతో సరిపెడితే పిటిషన్ కొట్టేస్తారు. దావాలో గానీ జవాబు దావాలో గానీ ఈ మాటే లేకుండా, సాక్ష్యం దగ్గర మొదటిసారి చెబితే నమ్మడం కష్టం.

అసలు ఎదుటివాళ్ల దగ్గరుంటే: 64వ సెక్షన్ (పాత 66) కింద వారికో, వారి లాయరుకో నోటీసు ఇచ్చి, గడువు దాటాక తేలేదని చూపాలి. మూడోమనిషి దగ్గరుంటే ఆయనకు సమన్లు పంపించాలి. ఈ మెట్టు దాటకుండా జిరాక్సులు మార్కు చేయించబోయి దెబ్బతిన్నది మన ప్రాంతపు జె. యశోద వర్సెస్ కె. శోభారాణి కేసే (2007).

మీది రిజిస్టర్ దస్తావేజైతే జిరాక్సుతో కుస్తీ ఎందుకు? సబ్‌రిజిస్ట్రార్ ఆఫీసు నుంచి సీసీ (ధ్రువీకరించిన నకలు) తీయించండి. అసలులోని విషయం రుజువు చేయడానికి ఆ నకలును రిజిస్ట్రేషన్ చట్టం 57వ సెక్షన్ అనుమతిస్తుంది. 2023లో అప్పయ్య వర్సెస్ అండిముత్తు కేసులో సుప్రీంకోర్టు అలాగే అంది. రాసిచ్చిన విషయాన్నే ఎదుటివారు కాదంటే మాత్రం, రాసినవాళ్లనో సాక్షి సంతకం పెట్టినవాళ్లనో పిలవక తప్పదు. ఈసీ (ఎన్‌కంబరెన్స్ సర్టిఫికెట్) మీద మాత్రం ఆశ పెట్టుకోకండి. లావాదేవీ రిజిస్టరైందని అది చెబుతుంది, హక్కును కాదు.

జిరాక్సుకు అసలే మందు లేని సందర్భం ఒకటుంది: స్టాంపు తక్కువైన అసలుకు నకలు. అసలు మీదైతే పెనాల్టీ కట్టి బయటపడొచ్చు. నకలు మీద పెనాల్టీ కట్టే పద్ధతే చట్టంలో లేదని 1971లో జూపూడి కేశవరావు కేసులో సుప్రీంకోర్టు తేల్చింది.

ప్రశ్న: ప్రాంసరీ నోటు మీద సంతకం తనది కాదంటున్నాడు. ఎక్స్‌పర్టుకు పంపమంటే, వకాల్తా మీది సంతకంతో పోల్చుకోమన్నాడు. – ఒక విశ్రాంత ఉద్యోగి, కరీంనగర్

ఆ వలలో పడకండి. వకాల్తా మీది, జవాబు దావా మీది సంతకాలు తగవు మొదలయ్యాక చేసినవి. కావాలని మార్చి చేసే అవకాశం ఉంది. నోటు తేదీకి దగ్గర్లో అతను చేసిన సంతకాలు సంపాదించండి. బ్యాంకు ఖాతా తెరిచిన ఫారం, రిజిస్టర్ దస్తావేజు, పింఛను కాగితాలు వంటివి. అవి ఎవరి దగ్గరుంటే వారికి కోర్టు ద్వారా సమన్లు పంపించి తెప్పించండి. ఆ తర్వాతే 39వ సెక్షన్ (పాత 45), సివిల్ ప్రొసీజర్ కోడ్ 26వ ఆర్డరు 10-ఎ రూలు కింద పిటిషన్ వేయండి. పంపేది అసలు నోటే కావాలి. జిరాక్సులో కలం ఒత్తిడి, గీత వేగం కనపడవు. వచ్చే నివేదిక అభిప్రాయం మాత్రమే. నోటు దగ్గరున్న సాక్షి గట్టిగా చెబితే నివేదిక ఎదురొచ్చినా గెలిచిన దావాలున్నాయి. అందుకని ఆ సాక్షిని, నోటు రాసిన లేఖరిని ముందు చూసుకోండి.

సంతకం రుజువైందా, ప్రతిఫలం (అప్పు సొమ్ము) ముట్టిందని చట్టమే అనుకునే ఊహ నెగోషియబుల్ ఇన్‌స్ట్రుమెంట్స్ చట్టం 118వ సెక్షన్ వల్ల మీకు అనుకూలంగా వస్తుంది. రుజువు కాకముందు రాదు.

మీ నోటు ఫొటోలో ఇంకోటి కనిపించింది. రెవెన్యూ స్టాంపు మీద సంతకం పడిందా, పక్కన పడిందా? స్టాంపును మళ్లీ వాడటానికి వీల్లేకుండా, అడ్డంగా సంతకమో పొట్టి సంతకమో చేసి కొట్టివేయకపోతే స్టాంపు లేనట్టే లెక్క (స్టాంపు చట్టం 12వ సెక్షన్). ప్రాంసరీ నోటుకు పెనాల్టీ కట్టి బాగుచేసుకునే వెసులుబాటు లేదు. నోటుతో సంబంధం లేకుండా అప్పు ముందే పుట్టిందని విడిగా చూపగలిగితే తప్ప దావా నిలవదు. చెల్లు (కొంత సొమ్ము ముట్టిందన్న రాత) విషయమూ అంతే. మూడేళ్ల గడువు లోపల, కట్టినవాడి చేతిరాతో సంతకమో ఉంటేనే గడువు పెరుగుతుంది. మీరు రాసుకున్న చెల్లుకు విలువ లేదు.

ప్రశ్న: అప్పు ఒప్పుకుంటూ పంపిన వాట్సాప్ మెసేజ్‌లు ప్రింటు తీసి దాఖలు చేయొచ్చా? – ఒక పాఠకుడు, విజయవాడ

ఉత్త ప్రింటుతో పని జరగదు. 63వ సెక్షన్ (పాత 65-బి) సర్టిఫికెట్ జతచేయాలి. కొత్త చట్టం చివర దాని నమూనా ఉంది. ఎ భాగం మీరు నింపాలి: ఫోను తయారీ, మోడల్, రంగు, సీరియల్ నంబరు, ఐఎంఈఐ, ఫోను మీ వాడకంలోనే ఉందన్న ప్రకటన, ఫైలు హాష్ విలువ (ఫైలు మారలేదని చూపే డిజిటల్ గుర్తు), దాన్ని ఏ పద్ధతిలో తీశారు (ఎస్‌హెచ్‌ఏ-256, ఎండీ5 వగైరా). బి భాగం నిపుణుడు నింపాలి. జనం వదిలేసేది ఈ బి భాగమే; పాత చట్టంలో అది లేకపోవడమే కారణం. సాక్ష్యానికి పెట్టిన ప్రతిసారీ సర్టిఫికెట్ ఉండాలని చట్టం అంటోంది.

సర్టిఫికెట్ తప్పనిసరి అని 2020లో అర్జున్ పండిత్‌రావు కేసులో సుప్రీంకోర్టు ఖాయం చేసింది. అదే తీర్పులో, ఫోను యజమానే బోనెక్కి అసలు ఫోనునే దాఖలు చేస్తే సర్టిఫికెట్ అవసరం లేదని కూడా ఉంది. అందుకే ఆ ఫోనును అమ్మకండి, రీసెట్ చేయకండి. మెసేజ్‌లను ముక్కలుగా కాకుండా తేదీలు, నంబరు కనపడేలా ముందూ వెనకా కలిపి తీయండి. ఇంత చేశాక కూడా ఆ నంబరు అతనిదేనని, టైపు చేసింది అతనేనని తేలాలి. దానికి తోడు అదే రోజు బ్యాంకు ఖాతాలో పడిన సొమ్ము చూపితే బరువు వస్తుంది. బ్యాంకు స్టేట్‌మెంటుకు బ్యాంకర్స్ బుక్స్ ఎవిడెన్స్ చట్టం, 1891 కింద బ్యాంకువారి ధ్రువీకరణ అడగండి, నెట్‌లో దించుకున్నది కాదు.

ప్రశ్న: తాతగారి వీలునామా రాసి 34 ఏళ్లయింది. 30 ఏళ్లు దాటిన కాగితానికి రుజువు అక్కర్లేదంటారు కదా? – ఒక పాఠకురాలు, వరంగల్

వీలునామాకు ఆ సదుపాయం లేదు. 92వ సెక్షన్ (పాత 90) ఊహ వీలునామాకు వర్తించదని భర్పూర్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు 2009లో చెప్పింది. రిజిస్టరైనా సాక్షి సంతకం చేసినవాళ్లలో బతికున్న ఒక్కరినైనా పిలవాలి. ఆయన తాతగారు సంతకం చేయగా చూశానని, ఆయన ఎదుటే తానూ చేశానని, రెండో సాక్షి కూడా అలాగే చేశాడని చెప్పాలి. ఈ చివరి మాట అఫిడవిట్‌లో ఉందో లేదో మరీమరీ చూసుకోండి. ఇద్దరూ పోతే వారి మరణ ధ్రువపత్రాలు పెట్టి, 68వ సెక్షన్ (పాత 69) కింద ఒక సాక్షి సంతకాన్నీ, తాతగారి సంతకాన్నీ గుర్తుపట్టేవాళ్లతో చెప్పించాలి.

ప్రశ్న: నేను డాలస్‌లో ఉంటాను. జీపీఏతో (నా తరఫున వ్యవహరించే అధికారపత్రంతో) నాన్నగారే నా బదులు సాక్ష్యం చెప్పి కాగితాలు మార్కు చేయించవచ్చా?

నాన్నగారికి స్వయంగా తెలిసిన సంగతులకు సరే. బేరం మీరే ఫోన్లో ఆడి, డబ్బు మీరే పంపి ఉంటే అది మీరే చెప్పాలి. జీపీఏ ఉన్నంత మాత్రాన మీకు మాత్రమే తెలిసింది ఆయన చెప్పలేరని 2004 నాటి జానకీ భోజ్వానీ తీర్పు. అక్కడ రాసిన జీపీఏ ఇండియాకు చేరిన మూడు నెలల్లోపు స్టాంపు వేయించడం మర్చిపోకండి.

ప్రశ్న: దావా వేసినప్పుడు పెట్టని రసీదు ఇప్పుడు దొరికింది.

సివిల్ ప్రొసీజర్ కోడ్ 7వ ఆర్డరు 14(3) కింద కోర్టు అనుమతి అడగండి. ప్రతివాదులకైతే 8వ ఆర్డరు 1-ఎ(3). ఇన్నాళ్లూ ఎందుకు రాలేదో నమ్మేలా చెప్పాలి. ఎదుటివారిని క్రాస్ (ఎదురు ప్రశ్నలు) చేసేటప్పుడు చూపించడానికే అయితే ముందు దాఖలు చేయనక్కర్లేదు. బోనులో ఉన్నది సాక్షే కాదు, పార్టీ అయినా సరేనని 2023 డిసెంబరులో మహమ్మద్ అబ్దుల్ వాహిద్ కేసులో సుప్రీంకోర్టు అంది. అలా చూపిస్తే, ఆ మనిషి సంతకం ఒప్పుకున్నంత వరకే మీకు లాభం. కాదంటే మళ్లీ మీరే రుజువు చేసుకోవాలి.

ప్రశ్న: బ్యాంకు లోనుకు అసలు దస్తావేజు కావాలి. అది కోర్టులో ఎ-1గా ఉంది.

13వ ఆర్డరు 9వ రూలు కింద పిటిషన్ వేయండి. మామూలుగా అప్పీలు గడువు దాటాకో, అప్పీలు తేలాకో ఇస్తారు. ముందే కావాలంటే కోర్టు సరిచూసి ధ్రువీకరించిన నకలు అక్కడ ఉంచి, అడిగినప్పుడు అసలు తెస్తామని హామీ రాసివ్వాలి. ఇంపౌండ్ అయిన కాగితమైతే ఇలా రాదు. తీసుకునేటప్పుడు రసీదు రాసివ్వాలి. దాని మీదున్న కోర్టు ముద్ర, ఎ-1 గుర్తు చూసి బ్యాంకువాళ్లు దావా గురించి అడుగుతారు, దాచకండి.